తర్జుమా చేసేవాడు దొరికితే

పాస్టరుగారికి కంప్యూటర్ ఆటలతో పనేమిటని మీలో కొందరికి అనిపించవచ్చు. ఒకప్పుడు నాకూ అలాగే అనిపించేది. ఆ మాట నా సొంత తమ్ముడితోనే అన్నాను. ఆ మాట గురించీ, వాడు విడిచి వెళ్ళిన ఒక పాత గేమ్‌ప్యాడ్ గురించీ మీతో చెప్పుకోవాలని చాలాకాలంగా అనుకుంటున్నాను.

2016 వేసవి సెలవులలో మా తమ్ముడి కొడుకు మా ఇంటికి వచ్చాడు. అప్పుడు వాడికి పదకొండేళ్ళు. అంతకు ఏడాదిన్నర ముందు, 2014 నవంబరులో, మా తమ్ముడు రోడ్డు ప్రమాదంలో చనిపోయాడు. మా మరదలు హైదరాబాదులోనే ఒక చిన్న ఉద్యోగం చేసుకుంటూ పిల్లవాణ్ణి చదివిస్తోంది. ఒకరోజు ఫోన్ చేసి, “బావగారూ, వీడు ఎవరితోనూ మాట్లాడడం లేదు. అడిగినదానికి అవును, కాదు అంటాడు, అంతే. మీ దగ్గర ఒక నెల ఉంటే మనసు మారుతుందేమో” అంది. ఆమె గొంతులో ఏడుపు వినబడింది. “పంపించమ్మా, ఇది వాడి ఇల్లు కాదా” అన్నాను.

వాడి మేనమామ బెంగళూరులో ఉద్యోగం చేస్తాడు. ఆయనే వాణ్ణి నర్సాపూర్ ఎక్స్‌ప్రెస్‌లో తీసుకొచ్చి, భీమవరంలో దిగి, మా ఊరికి చేర్చాడు. తన పాత ల్యాప్‌టాప్ ఒకటి వాడికిచ్చాడు. అందులో ‘డాన్ బ్రాడ్‌మన్ క్రికెట్ 14’ అనే ఆట ఎక్కించి ఉంది. డబ్బిచ్చి కొన్నదేనా, కాపీ చేసినదా అని అడిగాను. కొన్నదేనని చెప్పాడు. మర్నాడు ఉదయమే ఆయన వెళ్ళిపోయాడు.

పిల్లవాడి సంచిలో నాలుగు జతల బట్టలు, రెండు పుస్తకాలు, తువ్వాలులో చుట్టిన ఒక వస్తువు ఉన్నాయి. నా భార్య బట్టలు సర్దబోయి ఆ తువ్వాలు విప్పితే, “పెద్దమ్మా, అది ముట్టుకోవద్దు” అన్నాడు. మా ఇంటికి వచ్చాక వాడు తనంతట తానుగా పలికిన మొదటి మాట అది.

అది మా తమ్ముడి గేమ్‌ప్యాడ్. నల్లని ప్లాస్టిక్ వస్తువు. రెండు చేతులతో పట్టుకునేందుకు రెండు పిడులు, బొటనవ్రేళ్ళతో త్రిప్పేందుకు రెండు చిన్న స్టిక్కులు, కుడి ప్రక్కన 1, 2, 3, 4 అని అంకెలు వేసిన బటన్లు, ఒక యూఎస్‌బీ తీగ ఉంటాయి. 2008లో మా తమ్ముడు సికింద్రాబాదులోని సీటీసీకి వెళ్ళి కొనుక్కున్నాడు. కంప్యూటర్ సామాన్లు దొరికే చెనాయ్ ట్రేడ్ సెంటర్‌ను అక్కడివారంతా సీటీసీ అనే పిలుస్తారు. ఎడమ స్టిక్కు మీది రబ్బరు ఒక ప్రక్క పూర్తిగా అరిగిపోయి ఉంది.

దాన్ని చూడగానే నాకు 2009 క్రిస్మస్ గుర్తుకు వచ్చింది. తమ్ముడు కుటుంబంతో పండుగకు వచ్చాడు. ఆరాధన ముగిసి, భోజనాలయ్యాక, ముందు గదిలో కూర్చుని ‘క్రికెట్ 07’ అనే ఆట ఆడుతున్నాడు. అది 2006లో వచ్చిన ఆట. మన దేశంలో కుర్రవాళ్ళు ఏళ్ళ తరబడి విడువకుండా ఆడారు. నాలుగేళ్ళ పిల్లవాడు వాడి ఒళ్ళో కూర్చుని చూస్తున్నాడు. నేను అటు వెళితే తమ్ముడు ప్యాడ్ నా వైపు చాచి, “అన్నయ్యా, ఒక్క ఓవర్ ఆడు” అన్నాడు. నేను నిలబడే, “ముప్ఫై ఏళ్ళు వచ్చాయి, ఇంకా ఈ పిల్లచేష్టలేమిటిరా? నాకు వేరే పనులున్నాయి” అన్నాను. వాడేమీ అనలేదు. ప్యాడ్ వెనక్కి తీసుకున్నాడు. మరెప్పుడూ నన్ను ఆడమని అడగలేదు.

ఇక 2016 సంగతికి వస్తాను. పిల్లవాడు ప్యాడ్‌ను ల్యాప్‌టాప్‌కు తగిలించి ఆట తెరిచాడు. ఆట కదలలేదు. ఏ బటన్ నొక్కినా బొమ్మల్లో చలనం లేదు. తీగ తీసి మళ్ళీ పెట్టాడు. రెండో రంధ్రంలో పెట్టాడు. లాభం లేదు. ఆ ఆటలో బ్యాట్స్‌మన్ కాలు ముందుకో వెనక్కో వేయడానికి ఎడమ స్టిక్కు, బంతిని కొట్టవలసిన దిక్కుకు కుడి స్టిక్కు వాడాలి. ప్యాడ్ లేకపోతే దాని రుచే తెలియదు.

మేనమామకు ఫోన్ చేస్తే, “దీనికి ఎక్స్‌బాక్స్ ప్యాడ్ కావాలిరా. నాన్నది పాతదైపోయింది. కొత్తది కొని పంపిస్తాలే” అన్నాడు. మంచి మనసుతోనే అన్నాడు. పిల్లవాడు ఫోన్ నా చేతికిచ్చి పెరట్లోకి వెళ్ళిపోయాడు. ఆ రాత్రి అన్నం తినలేదు. “పోనీలే నాన్నా, క్రొత్తది వస్తుందిగా” అని నేనూ అన్నాను. వాడు నా వైపు చూసి, “ఇది పాడవలేదు పెదనాన్నా” అన్నాడు.

వాడి మాట నిజమే. అదే ల్యాప్‌టాప్‌లో ‘క్రికెట్ 07’ తెరిస్తే ప్యాడ్ చక్కగా పని చేసింది. ఒక ఆటకు వినబడుతోంది, మరొక ఆటకు వినబడడం లేదు. ఇదేమి చిత్రమని నాకూ ఆలోచన పట్టుకుంది. నేను చదివింది వేదాంత డిప్లొమా, కంప్యూటర్ కాదు. సంఘపు జాబితాలు, సభల కరపత్రాలు టైపు చేసుకునేంత వరకే నా జ్ఞానం.

ఆదివారం ఆరాధన అయ్యాక మా సంఘ యౌవనస్థులలో ఇంజనీరింగ్ చదువుతున్న ఒక కుర్రవాణ్ణి అడిగాను. అతడు నవ్వి, “అయ్యగారూ, ప్యాడ్ మంచిదే. ఆ ఆటకు దాని భాష రాదు. మధ్యలో తర్జుమా చేసేవాడు కావాలి. ఎక్స్‌360సీఈ అని ఒక చిన్న ప్రోగ్రాం ఉంది, ఉచితమే” అన్నాడు.

తర్జుమా అనేసరికి నాకు సంగతి సగం అర్థమైంది. ఎందుకంటే ఆ పని నేను చేసి ఉన్నాను. నా చిన్న వయసులో, సభలకు ఇంగ్లీషులో మాట్లాడే అతిథులు వచ్చినప్పుడు ప్రక్కన నిలబడి తర్జుమా చేసేవాణ్ణి. ఇంగ్లీషులో క్రియ ముందే వచ్చేస్తుంది, మన తెలుగులో చివరికి వస్తుంది. కాబట్టి ఆయన వాక్యం పూర్తి చేసేవరకు ఆగి, తలక్రిందులు చేసి చెప్పాలి. వినేవారికి మాత్రం ఆయనే తెలుగులో మాట్లాడుతున్నట్టు ఉండాలి. ఆ ప్రోగ్రాం చేసేది సరిగా ఇదే.

ఆ కుర్రవాడు చెప్పినదీ, తరువాత నేను నేర్చుకున్నదీ కలిపి మీకు అర్థమయ్యేలా చెబుతాను. కంప్యూటర్‌లో ఆట, ప్యాడ్ నేరుగా మాట్లాడుకోవు. మధ్యలో విండోస్ ఉంటుంది. 1995 ప్రాంతంలో మైక్రోసాఫ్ట్ వారు ఇందుకోసం డైరెక్ట్‌ఇన్‌పుట్ అనే పద్ధతి తెచ్చారు. అందులో తయారుచేసేవారికి స్వేచ్ఛ ఎక్కువ. ఒక పరికరానికి 128 బటన్ల వరకు ఉండవచ్చు. వాటికి పేర్లు లేవు, అంకెలే. ఒక కంపెనీ ప్యాడ్‌లో 1 అన్నది పైన ఉంటే, మరొక కంపెనీ ప్యాడ్‌లో క్రింద ఉండవచ్చు. అందుకే పాత ఆటలలో మొదట కూర్చుని, ఏ బటన్ దేనికో మనమే చెప్పుకోవలసి వచ్చేది.

2005లో ఎక్స్‌బాక్స్ 360 అనే ఆట యంత్రం వచ్చింది. దానితోపాటు మైక్రోసాఫ్ట్ వారు ఎక్స్‌ఇన్‌పుట్ అనే క్రొత్త పద్ధతి తెచ్చారు. ఇందులో ప్యాడ్ రూపం ఒక్కటే. రెండు స్టిక్కులు, ఏ, బీ, ఎక్స్, వై అనే నాలుగు బటన్లు, భుజాల దగ్గర రెండు బటన్లు, రెండు ట్రిగ్గర్లు, ఇలా అన్నీ నిర్ణయించినవే. ఒకేసారి నాలుగు ప్యాడ్‌ల వరకు తగిలించవచ్చు. ఇందువల్ల ఆట తయారుచేసేవారికి, ఆడేవారికి చాలా సుళువైంది. తగిలించగానే ఆడుకోవచ్చు. కాని ఎక్స్‌ఇన్‌పుట్ ఒక్కటే తెలిసిన ఆటకు, డైరెక్ట్‌ఇన్‌పుట్ మాత్రమే తెలిసిన ప్యాడ్ అసలు కనబడదు. అది గుమ్మం బయటే ఉండిపోతుంది. 2005కు ముందు కొన్నవే కాదు, తరువాత కూడా చవకగా అమ్ముడైన లెక్కలేనన్ని ప్యాడ్‌లు ఇలాగే బయట ఉండిపోయాయి. మా తమ్ముడిది అందులో ఒకటి.

ఎక్స్‌360సీఈ ఏమి చేస్తుందంటే, ఆటకూ ప్యాడ్‌కూ మధ్య నిలబడుతుంది. మేము వాడిన మూడవ వెర్షన్ పద్ధతి ఇది. ఆట మొదలవగానే ఎక్స్‌ఇన్‌పుట్1_3.డీఎల్ఎల్ అనే ఒక ఫైలు కోసం వెదుకుతుంది. విండోస్ ఆ ఫైలును మొదట ఆట ఉన్న ఫోల్డర్‌లోనే చూస్తుంది. ఈ ప్రోగ్రాం అదే పేరుతో తన ఫైలును అక్కడ పెడుతుంది. ఆట దాన్నే పిలుస్తుంది. అది పాత ప్యాడ్ చెప్పేది డైరెక్ట్‌ఇన్‌పుట్‌లో విని, ఎక్స్‌బాక్స్ ప్యాడ్ చెప్పినట్టుగా మార్చి ఆటకు చెబుతుంది. ఏ బటన్ దేనితో సమానమో ప్రక్కనే ఒక చిన్న అక్షరాల ఫైలులో వ్రాసి ఉంచుకుంటుంది.

వినడానికి సులభంగానే ఉంది. చేయడానికి మాకు మూడు సాయంత్రాలు పట్టింది.

మొదటి సాయంత్రం డౌన్‌లోడ్‌కే సరిపోయింది. మా ఊరి ఇంటర్నెట్ సంగతి మీకు తెలిసిందే. పైగా వెదికితే అదే పేరుతో ఎన్నో చోట్ల కనబడింది. పెద్ద పెద్ద పచ్చని బటన్లు, ‘ఇక్కడ నొక్కండి’ అని ప్రకటనలు. ఆ యౌవనస్థుడు ముందే హెచ్చరించాడు గనుక వాటి జోలికి పోలేదు. దాన్ని తయారుచేసినవారి సొంత సైటులోనిదే తీసుకున్నాం. 32 బిట్లది, 64 బిట్లది అని రెండు రకాలున్నాయి. అది మన విండోస్‌ను బట్టి కాదు, ఆటను బట్టి ఎంచుకోవాలట. 32 బిట్ల ఆటకు 64 బిట్లది పెడితే పని చేయదు.

రెండో సాయంత్రం ప్రోగ్రాం తెరిచాం. తెర మీద ఎక్స్‌బాక్స్ ప్యాడ్ బొమ్మ వచ్చింది. మన ప్యాడ్ మీద బటన్ నొక్కితే బొమ్మ మీద వెలగాలి. బటన్లు వెలిగాయి గాని కుడి స్టిక్కు త్రిప్పితే ఏవేవో బటన్లు వెలుగుతున్నాయి. విండోస్‌లో జాయ్.సీపీఎల్ అని టైపు చేస్తే తెరుచుకునే పరీక్ష పేజీలో చూసినా అంతే. నేను ఇక కుదరదేమో అనుకున్నాను. అప్పుడు పిల్లవాడు, “లైటు పెదనాన్నా! నాన్న ఎప్పుడూ ముందు లైటు వేసేవాడు” అన్నాడు. ప్యాడ్ నడుమ ‘అనలాగ్’ అని చిన్న బటన్ ఉంది. అది నొక్కితే ఎర్రలైటు వెలిగింది. అప్పటిదాకా స్టిక్కులు ఉత్త బటన్లలాగా పని చేస్తున్నాయి. లైటు వెలిగాక నిజమైన స్టిక్కులయ్యాయి. నేను ఏ పుస్తకంలో చూసి తెలుసుకునేవాణ్ణి? నాలుగేళ్ళ వయసులో తండ్రి ఒళ్ళో కూర్చుని చూసింది వాడికి గుర్తుంది.

తరువాత ఒక్కొక్క బటన్‌కూ పేరు పెట్టాం. వాడు నొక్కేవాడు, నేను చదివేవాణ్ణి. “ఇది రెండు.” “రెండును బీ అని వ్రాయి.” కాదు, క్రిందిది మూడు, అది ఏ కావాలి. ఇలా ఒక గంట గడిచింది. ఆ గంటలో వాడు నాతో మాట్లాడినన్ని మాటలు, వచ్చిన దగ్గర నుండి మొత్తం కలిపినా లేవు. వంటగదిలో నుండి నా భార్య తొంగి చూసి మళ్ళీ లోపలికి వెళ్ళిపోయింది.

మూడో సాయంత్రం ఆట తెరిస్తే, బ్యాట్స్‌మన్ కదిలాడు! పిల్లవాడు కుర్చీలో నుండి లేచాడు. కాని ముందుకు రమ్మంటే వెనక్కి వెళుతున్నాడు. ఇది కూడా తర్జుమా చిక్కే. పాత పద్ధతిలో స్టిక్కు స్థానాన్ని 0 నుండి 65535 వరకు అంకెలతో చెబుతారు. పైకి నెడితే అంకె తగ్గుతుంది. క్రొత్త పద్ధతిలో మధ్యలో సున్న, క్రిందికి మైనస్ 32768 వరకు, పైకి 32767 వరకు. పైకి నెడితే అంకె పెరుగుతుంది. అంటే రెండింటికీ పైనా క్రిందా తలక్రిందులు. మేము చేత్తో పేర్లు పెట్టేటప్పుడు ఆ తిరగవేయడం మరచిపోయాం. తలక్రిందులు చేయమని గుర్తు పెడితే సరిపోయింది. నాకు మన క్రియాపదం గుర్తుకు వచ్చి నవ్వు వచ్చింది.

ఇంకొక చిక్కు మిగిలింది. ఎవరూ ముట్టుకోకపోయినా బ్యాట్స్‌మన్ తనంతట తాను ఎడమ ప్రక్కకు జరుగుతున్నాడు. ఈ స్టిక్కుల క్రింద ఒక పూత పూసిన పట్టీ, దానిమీద జారే చిన్న ముల్లు ఉంటాయి. ఏళ్ళ తరబడి వాడితే పట్టీ అరుగుతుంది, స్ప్రింగు వదులవుతుంది. వదిలేసినా స్టిక్కు సరిగా మధ్యకు రాదు. దీనికి మందు ‘డెడ్ జోన్’. అంటే మధ్య నుండి ఇంత దూరం వరకు కదిలినా పట్టించుకోవద్దని తర్జుమా చేసేవాడికి చెప్పడం. క్రొత్త ప్యాడ్‌లకు కూడా ఇది అవసరమే. ఎక్స్‌బాక్స్ 360 ఎడమ స్టిక్కుకు మైక్రోసాఫ్ట్ వారు సూచించిన అంకె 7849, అంటే 32767లో దాదాపు నాలుగవ వంతు. క్రొత్తదానికే అంత సహనం కావాలంటే, ఎనిమిదేళ్ళ పాతదానికి ఎంత కావాలి?

మేము కొంచెం కొంచెం పెంచుతూ వచ్చాం. తక్కువైతే బ్యాట్స్‌మన్ జారిపోతాడు. ఎక్కువైతే మన వ్రేలు మాటే వినడు. పిల్లవాడు స్టిక్కు మీద అరిగిన చోట తన బొటనవ్రేలు పెట్టి, “నాన్న వ్రేలు ఇక్కడే ఉండేది. అందుకే అరిగింది” అన్నాడు. నేనేమీ మాట్లాడలేకపోయాను. ఆ అరుగుదలను లోపమని అనుకుంటూ అంతవరకు దాన్ని సరిచేయడానికి కూర్చున్నాను.

అన్నీ కుదిరాక వాడు రెండు ఓవర్లు ఆడాడు. తరువాత ప్యాడ్ నా చేతిలో పెట్టి, “నువ్వు ఆడు పెదనాన్నా” అన్నాడు. ఆ వేళ నాకు వేరే పనులు ఉన్నాయి. మర్నాటి ప్రసంగం ఇంకా సగమే వ్రాశాను. అయినా కూర్చున్నాను. మొదటి బంతికే క్లీన్ బౌల్డ్ అయ్యాను. వాడు పకపకా నవ్వాడు. ఆ నవ్వు విని నా భార్య చేతి పని వదిలి వచ్చి గుమ్మంలో నిలబడి కన్నీళ్ళు తుడుచుకుంది. నా తమ్ముడు ఏడేళ్ళ క్రితం చాచిన చేతిని ఆ రాత్రి నేను అందుకున్నట్టు అనిపించింది. వాడికి మాత్రం అది తెలియదు. ఆ సంగతి ఎంత దేవునికి అప్పగించినా నా మనసును ఇంకా పొడుస్తూనే ఉంటుంది.

నాలుగైదు రోజులకు మా సంఘపెద్ద ఒకరు వచ్చారు. కాసేపు అవీ ఇవీ మాట్లాడి, “అయ్యగారూ, మీ ఇంట్లో రాత్రి పొద్దుపోయేదాకా ఆటల చప్పుడు వినబడుతోందని అనుకుంటున్నారు” అన్నారు. ఆయన నా మేలు కోరేవారే. నేను వాదించలేదు. పిల్లవాణ్ణి పిలిచి ప్యాడ్ చూపించమన్నాను. ఇది ఎవరిదో, ఎలా పలికించామో వాడే చెప్పాడు. అంతసేపు ఒక పెద్దమనిషితో వాడు మాట్లాడడం నేనప్పుడే చూశాను. ఆయన శ్రద్ధగా విని, వాడి తల నిమిరి వెళ్ళారు. అయితే ఆయన మాటలో నిజముంది గనుక, ఆ రోజు నుండి మేము ఒక నియమం పెట్టుకున్నాం. రోజుకు ఒక అరగంట, అదీ భోజనానికి ముందు. వాడు ఆ నియమం తప్పలేదు. నేనే రెండు మూడుసార్లు “ఇంకొక్క ఓవర్” అన్నాను.

మీ ఇండ్లలో ఇలాంటి పాత ప్యాడ్ ఉంటే, క్రొత్తది కొనే ముందు ఈ సంగతులు గుర్తుంచుకోండి. ముందుగా జాయ్.సీపీఎల్ పేజీలో చూడండి. అక్కడ బటన్లు వెలిగితే ప్యాడ్ బాగానే ఉన్నట్టు, తర్జుమా ఒక్కటే కావాలి. అక్కడ కూడా చలనం లేకపోతే తీగలోనో లోపలో లోపం ఉంది, ఏ ప్రోగ్రామూ దాన్ని బాగుచేయలేదు. ప్రోగ్రామును దాని సొంత చోటు నుండే తీసుకోండి. దానికోసం యాంటీవైరస్ ఆపేయమని ఎవరైనా చెబితే నమ్మకండి. ఆ డీఎల్ఎల్ ఫైలును ఆట ఫోల్డర్‌లోనే ఉంచండి, విండోస్ సొంత ఫోల్డర్లలో పెట్టకండి. ఇంటర్నెట్‌లో ఇతరులతో పోటీపడే ఆటలలో మాత్రం దీన్ని వాడకపోవడం మంచిది. మోసాన్ని కనిపెట్టే ఏర్పాట్లు ఈ ఫైలును కూడా మోసమనుకుని పిల్లవాడి ఖాతాను నిలిపివేయవచ్చు.

తర్జుమాకు ఒక హద్దు కూడా ఉంది. ఎక్స్‌బాక్స్ ప్యాడ్ ట్రిగ్గరును ఎంత లోపలికి నొక్కితే అంత, 0 నుండి 255 వరకు చెబుతుంది. కారు ఆటలో వేగం కొంచెం కొంచెంగా పెంచడానికి అది పనికివస్తుంది. మా పాత ప్యాడ్‌లో ఆ చోట ఉన్నది ఉత్త బటన్. నొక్కితే 255, వదిలితే 0, నడుమ ఏమీ లేదు. ఎంత మంచి ప్రోగ్రామైనా ఆ నడుమ అంకెలను పుట్టించలేదు. చెప్పేవాడు చెప్పనిదాన్ని తర్జుమా చేసేవాడు చెప్పకూడదు గదా! ఆ కారు ఆట వాడు కొన్నాళ్ళు ఆడి వదిలేశాడు. క్రికెట్ మాత్రం వదల్లేదు.

ఆ తరువాత కాలం చాలా మారింది. 2017 ఆరంభంలో, ఆటలు అమ్మే స్టీమ్ అనే ప్రోగ్రాం వారు ఇలాంటి సాధారణ ప్యాడ్‌లకు కూడా తర్జుమాను తమలోనే చేర్చారు. వారి దగ్గర కొన్న ఆటలకు చాలావరకు వేరే ప్రోగ్రాం అవసరం లేకుండా పోయింది. ఎక్స్‌360సీఈ కూడా నాలుగవ వెర్షన్‌లో పద్ధతి మార్చుకుంది. ప్రతి ఆట ఫోల్డర్‌లో ఫైలు పెట్టడానికి బదులు, వైజెమ్‌బస్ అనే డ్రైవరు సహాయంతో కంప్యూటర్‌లోనే కనబడని ఒక ఎక్స్‌బాక్స్ ప్యాడ్‌ను సృష్టిస్తుంది. అప్పుడు కొన్ని ఆటలకు అసలు ప్యాడ్, సృష్టించిన ప్యాడ్ రెండూ కనబడి, ఒకసారి నొక్కితే రెండుసార్లు నొక్కినట్టు అవుతుంది. అసలుదాన్ని దాచిపెడితే సరిపోతుంది. ఇవన్నీ నాకు చెప్పినవాడు మా పిల్లవాడే. నేను వాడికి నేర్పింది తక్కువ, వాడి దగ్గర నేర్చుకున్నది ఎక్కువ.

వాడిప్పుడు కాలేజీలో చదువుతున్నాడు. 2021లో ప్యాడ్ తీగ మెడ దగ్గర తెగితే, ఎవరికీ ఇవ్వకుండా తానే టంకం పెట్టి అతికించుకున్నాడు. ఎడమ స్టిక్కు ఇంకా వదులైంది. డెడ్ జోన్ ఇంకొంచెం పెంచవలసి వచ్చింది. 2016లో మేమిద్దరం కూర్చుని వ్రాసిన ఆ చిన్న అక్షరాల ఫైలును మాత్రం ల్యాప్‌టాప్ మారినా మార్చకుండా దాచుకున్నాడు. మరదలితో ఇప్పుడు గంటల తరబడి మాట్లాడతాడు. “బావగారూ, ఇప్పుడు నా మాట విననిస్తే గదా” అని ఆమె నవ్వుతుంది.

ప్రియమైన తల్లిదండ్రులారా, పెదనాన్నలారా, మేనమామలారా! పిల్లలు ఒక పాత వస్తువును పట్టుకుని వదలనప్పుడు, “ఇంతకంటే మంచిది కొనిస్తాను” అని తొందరపడి అనకండి. దాన్ని ఎందుకు పట్టుకున్నారో ముందు అడగండి. వారు మాట్లాడకపోతే, వారికి మాట రాదని అనుకోకండి. వారి ప్రక్కన ఒక మూడు సాయంత్రాలు కూర్చోండి. ఆట మీకు రాకపోయినా ఫరవాలేదు. నాకు ఇప్పటికీ రాదు.

పోయిన క్రిస్మస్‌కు వాడు, మరదలు మా ఇంటికి వచ్చారు. ఆరాధన ముగిసి, భోజనాలయ్యాయి. నేను పడక కుర్చీలో కూర్చుని ఉన్నాను. వాడు ప్యాడ్ తగిలించి, ఎర్రలైటు వేసి, నా వైపు చాచాడు.

“పెదనాన్నా, ఒక్క ఓవర్ ఆడు” అన్నాడు.

అందుకున్నాను.